పదకొండో వారం

జనవరి 18, శనివారం

దొంగలు.

నిన్న సాయంత్రం రమణ టాబ్లెట్‌లో ఏదో కొత్త ఇంగ్లీషు సీరియల్ పెట్టుకుని చిక్కుడుకాయలకు ఈనెలు తీస్తోంది. నేను పక్కగదిలో పేపరు చదువుకుంటున్నాను. ఉన్నట్టుండి కేక పెట్టింది.

"ఏమండీ! ఇలా రండి! మీ కథ ఇందులో వస్తోంది!"

వెళ్లి చూశాను. సముద్రం ఒడ్డున చిన్న బ్రిటిష్ ఊరు. తుఫానులు కనిపెట్టే వాతావరణ కేంద్రం. అందులో ఒక గుమాస్తా. ఊళ్లో కొందరు అసలు మనుషులే కారని వాడికి అనుమానం. ఎలా పోల్చుకుంటాడు? ఎదుటివాడు ఆవలిస్తే వాళ్లకు ఆవలింత రాదు. ఆకాశం నుంచి దిగి మన మధ్య కాపురాలు చేస్తున్న జాతికి మన తిండి, మన మాట, మన అబద్ధాలు అన్నీ వంటబట్టాయి. ఆవలింత ఒక్కటే అంటలేదు.

ఇది నా నవల. 'ఆవలింత రానివాళ్లు'. 1975లో బెజవాడ వారపత్రికలో పదమూడు వారాలు వచ్చింది. వాళ్లది ఏదో ఇంగ్లీషు రేవు, నాది మచిలీపట్నం. గుమాస్తా భార్యే ఆ జాతి మనిషి అన్న సంగతి కూడా మార్చలేదు. వాళ్ల మార్గరెట్ నా జయలక్ష్మి.

రమణ కళ్లు మెరుస్తున్నాయి. డెబ్బై ఏళ్ల మనిషి, చేతిలో చిక్కుడుకాయతో నిలబడి, "చూశారా, ఎంత గొప్పది రాశారో! యాభై ఏళ్లకి వాళ్లకి అందింది" అంది.

"దొంగలు" అన్నాను, అంతే. 

జనవరి 19

ఒక్కసారి లెక్క తేల్చుకోవాలి. 'తెలుగు వైజ్ఞానిక కథ' అని ఒక మహానుభావుడు రెండు సంపుటాల సంకలనం వేశాడు. నా పేరు లేదు. ఉత్తరం రాస్తే, "మీరు ఒకటే నవల రాశారు కదా" అని జవాబు. ఒకటే రాస్తే? కొందరు ముప్పై రాశారు, ముప్పైలోనూ పనికొచ్చేది ఒకటీ లేదు. ఇంకొక ఆచార్యుడు ఈ జర్మన్ ఊరు ఆకెన్ వచ్చినప్పుడు మా ఇంట్లో గోంగూర పచ్చడి రెండుసార్లు వేయించుకుని తిని, "గ్రహాంతరవాసుల కథలు సాహిత్యం కిందికి రావండీ" అన్నాడు. ఇప్పుడు లండన్‌వాళ్లు దొంగిలించారని తెలిస్తే వస్తాయి. మనవాళ్లకు మన వస్తువు విలువ తెలియాలంటే దాన్ని తెల్లవాడు ఎత్తుకుపోవాలి.

ఆ ఆచార్యుడు పోయాడట. పోయినా సరే.

జనవరి 25

రెండో భాగం వచ్చింది. అదీ నాదే.

రమణ ఊరుకోలేదు. తెలుగు సంఘం వాట్సాప్ గ్రూపులో పెట్టేసింది. పొద్దున్నే ఎక్కడో దూరాన గార్చింగ్ ఊరి నుంచి ఆ సంఘం కార్యదర్శి విక్రాంత్ ఫోను చేశాడు. ఏదో పరిశోధన సంస్థలో కంప్యూటర్ల పని. నలభై ఏళ్లవాడు, మాట మాత్రం పద్దెనిమిదేళ్లవాడిది.

"అంకుల్, దిస్ ఈజ్ హ్యూజ్! మన తెలుగు కంటెంట్‌ని లేపేస్తే మనం సైలెంట్‌గా ఉండాలా? కాపీరైట్ లాయర్ ఉంది, మా ఫ్రెండ్‌కి తెలుసు. అపాయింట్‌మెంట్, అదే టెర్మిన్, నేను తీసుకుంటా. ఉగాది ప్రోగ్రామ్‌లో మీకు సన్మానం. బ్యానర్ కూడా డిజైన్‌కి ఇచ్చేశా."

"నవల చదివావా?" అన్నాను.

"ఆంటీ పీడీఎఫ్ పంపితే చదువుతా అంకుల్."

చదవకుండానే సన్మానం. కానీ యాభై ఏళ్లలో నాకు సన్మానం చేస్తానన్న మొదటివాడు వీడే.

జనవరి 28

ఆ రోజుల్లో ఆకెన్ హాస్టల్లో నేను టీవీ చూసేవాణ్ని కాదు. నాకంత తీరిక ఎక్కడిది?

ఫిబ్రవరి 1

బస్సులో ముఖీత్.

హాస్టల్ రోజుల నాటి స్నేహితుడు, నాలుగు స్టాపుల దూరంలో ఉంటాడు. నలభై ఒక్క ఏళ్లుగా మాట్లాడుకోలేదు. బజారులో ఎదురైతే నేను కూరగాయలు చూస్తాను, అతను గడియారం చూస్తాడు. ఇవాళ బస్సు నిండా పిల్లలు, ఖాళీ ఉన్నది నా పక్కన ఒక్కటే. మోకాళ్ల నొప్పి పౌరుషాన్ని గెలిచినట్టుంది, వచ్చి కూలబడ్డాడు.

"ఏం తిరుపతయ్యా, కేసేస్తున్నవంట?"

"నీకెవరు చెప్పారు?"

"మా బిడ్డ రుబీనా ఆఫీసుల ఒక తెలుగు పిల్ల ఉంది. ఊరంత నీ ముచ్చటే నడుస్తుంది. అరె, ఒక్క మాట జెప్త విను. ఒద్దు."

"నీకెందుకు?"

"నాకేముంది మియా. మంగళారం, హాస్టల్ టీవీ రూము. నీ పక్కపొంటి కూసున్నది నేను. 'ఇప్పుడేమన్నాడు? ఇప్పుడేమన్నాడు?' అని పది నిమిషాలకోపారి నా మోచెయ్యి గుంజుతుంటివి. నీకు అప్పుడు జర్మన్ ఏడొస్తుండె?"

నేను దిగిపోయాను. నా స్టాపు కాదు. వానలో ఇరవై నిమిషాలు నడిచాను.

అసూయ. 1983 దీపావళి విందులో కూడా ఇలాగే అందరి ముందూ ఈ కథ మొదలుపెట్టబోయాడు. తాగి వాగుతున్నాడని నేనే చెప్పి పంపేశాను. అతను తాగడు. అది అందరికీ తెలుసు. అయినా ఆ రోజు నమ్మారు.

ఫిబ్రవరి 3

ఒకటి రెండు భాగాలు చూసి ఉంటాను. చూస్తే ఏమిటి?

ఆ రోజుల్లో వారపత్రికల సంగతి ఇప్పటివాళ్లకు తెలియదు. డిటెక్టివ్ నవలల్లో సగం ఇంగ్లీషు నుంచి దిగినవే. లండన్ పొగమంచు తీసి బెజవాడ దుమ్ము పెట్టేవాళ్లు, ఇన్‌స్పెక్టరుకు మీసం పెట్టేవాళ్లు, అయిపోయేది. నిజాయితీపరుడు అయితే కింద చిన్న అక్షరాల్లో 'పాశ్చాత్య మూలానికి స్వేచ్ఛానుసరణ' అని ఒక్క వరుస వేయించుకునేవాడు. ఆ వరుస ఉంటే ఎవరూ వేలెత్తరు. పరువు నష్టమూ లేదు. మన భాషలో కావ్యాలు కూడా అలా వచ్చినవే.

సంపాదకుడు ఉత్తరంలో అడిగాడు: 'దీనికి మూలం ఏమైనా ఉన్నదా? ఉంటే తెలుపగలరు, వేస్తాము.'

నేను 'లేదు' అని రాశాను.

ఎందుకలా రాశానో గుర్తులేదు. ఇరవై ఆరేళ్లు. ఆకెన్‌లో నా పేరు పలకడం చేతనైనవాడు ముఖీత్ ఒక్కడే. అక్కడ నా దేశంలో ఒక పత్రిక మీద నా పేరు అచ్చయి వస్తోంది. దాని కింద ఇంకొకడి పేరు ఎందుకు?

గుర్తులేదని రాసి కారణం కూడా రాశాను. కొట్టెయ్యను, ఉండనీ.

ఫిబ్రవరి 8

నాలుగో భాగం. రమణ అడిగింది: "జయలక్ష్మి అద్దం ముందు కూర్చునేది ఎప్పుడొస్తుందండీ?"

వస్తుందిలే అన్నాను.

ఫిబ్రవరి 20

లాయరమ్మ, ఫ్రావ్ డాక్టర్ లిండ్నర్, ఉత్తరం రాసింది. విక్రాంత్ ఫోనులో చదివి వినిపించాడు, గొంతులో ఉత్సాహం సగమైంది.

ఇప్పటి సీరియల్ కొత్తది కాదట. 1973లో బ్రిటిష్ టీవీలో వచ్చిన పాత సీరియల్‌కు మళ్లీ తీసిన రూపం. చివర పేర్లలో రాస్తున్నారు, మనమే చూడలేదు. ఆ పాతది 1974 శరత్కాలంలో జర్మన్ మాటలతో ఇక్కడి టీవీలోనూ వచ్చింది, ప్రతి మంగళవారం. అంటే నా నవల కన్నా ముందు.

"కానీ అంకుల్, లాయర్ ఒక పాయింట్ చెప్పింది. మీరు దాన్ని చూడలేదు, వినలేదు, ఇండిపెండెంట్‌గా రాశారు అని డిక్లరేషన్ సైన్ చేస్తే, కొత్తవాళ్లు మీ వెర్షన్ నుంచి ఏమైనా తీసుకున్నారా అని అడగొచ్చంట. కానీ అది ప్రమాణంతో సమానం. అబద్ధమైతే క్రిమినల్. మీరు చూడలేదు కదా అంకుల్?"

"లేదు."

"సూపర్. వచ్చే నెల పన్నెండో తారీకు టెర్మిన్ కన్ఫర్మ్ చేస్తున్నా."

ఫిబ్రవరి 21

రమణకు చెప్పాను, పాత సీరియల్ ఒకటి ఉందట అని. ఆమె చపాతీ తిప్పుతూ ఒక్క క్షణం ఆగింది.

"మీరు చూడలేదుగా?"

"లేదు."

"మరింకేం? ఇద్దరికి ఒకటే ఆలోచన రాకూడదా? పాపం ఆ పాతాయన కూడా మంచివాడే అయ్యుంటాడు." చపాతీ పొంగింది. "నేనూ వస్తాను టెర్మిన్‌కి. ఆ ముదురాకుపచ్చ పట్టుచీర కట్టుకుంటా."

ఎవరి మీదైనా కోపం తెచ్చుకోవచ్చు. ఇలా నమ్మేవాళ్ల మీద ఎలా తెచ్చుకోవడం? అయినా వచ్చింది. ఉప్పు ఎక్కువైందని అరిచాను. ఎక్కువ కాలేదు.

ఫిబ్రవరి 27

పన్నెండు. పదమూడింటిలో పన్నెండు చూశాను. ముఖీత్ పక్కన కూర్చుని, మాటమాటకూ అర్థం అడిగి, బుధవారం రాసి, గురువారం పోస్టు చేశాను. ఇక్కడ కూడా అబద్ధం రాస్తే ఈ పుస్తకం ఎందుకు?

మధ్యాహ్నం ముఖీత్ ఇంటికి వెళ్లాను. తలుపు తీసి, చూసి, లోపలికి కేకేశాడు.

"రుబీనా! చాయ్ పెట్టు బేటా. నలభై ఏండ్లకు దోస్తు తొవ్వ తప్పి వచ్చిండు."

సోఫాలో కూర్చున్నాను. ఏం చెప్పాలనుకుని వెళ్లానో తెలియలేదు. ఊరుకోమని బతిమాలడానికే అయి ఉంటుంది. అతనే తేల్చేశాడు.

"భయపడకు. నువ్వు సంతకం జేస్తే నేనేం జెప్ప. ఇన్నేండ్లు నన్ను తాగుబోతు అన్నా జెప్పలే, ఇప్పుడు జెప్తనా?"

"ముఖీత్, ఆ రోజు నేను..."

"ఛోడో. ఒక్కటి జెప్పు. పదకొండో మంగళారం టీవీ ఖరాబయింది యాదికుందా? పిక్చర్ ట్యూబ్ పోయింది. వారం దాంక రిపేరు గాలే. నువ్వు పిచ్చోని లెక్క గల్లీ గల్లీ తిరుగుతివి, ఎవరింట్లనన్న టీవీ ఉందా అని. ఏడ దొరకలే. మరి ఆ వారం ఏం రాసి పంపినవ్? నాకు తెలుగు చదువరాదు. ఎవ్వరు చదివి వినిపియ్యలే."

అప్పుడు చెప్పాను. రుబీనా కూడా చాయ్ కప్పులు పెట్టి నిలబడిపోయింది. పదకొండో వారంలో జయలక్ష్మికి తెలుసు, మొగుడికి అనుమానం వచ్చిందని. అతను ఆఫీసుకు వెళ్లాక అద్దం ముందు కూర్చుని ఆవలించడం నేర్చుకుంటుంది. నోరు తెరుస్తుంది, కంట్లో నీళ్లు రావు. చీర చెంగు తడిపి కళ్లకు అద్దుకుంటుంది. సాయంత్రం మొగుడు వచ్చి, ఆమెను పరీక్షించడానికి కావాలనే ఆవలిస్తాడు. ఆమె అందుకుంటుంది. కానీ ఒక్క క్షణం ఆలస్యంగా. ఆ ఆలస్యం అతను చూశాడు. చూసి ఏమీ అనడు. మర్నాటి నుంచి మెల్లగా ఆవలిస్తాడు, ఆమె అందుకోవడానికి కొంచెం వ్యవధి ఇస్తూ.

 ముఖీత్ మోకాలు రుద్దుకుంటూ, "ఇది టీవీల లేకుండె" అన్నాడు. "ఇది మంచిగున్నది. మిగిలిన పన్నెండు గూడ ఇట్లనే రాస్తే ఏం బోయింది నీకు?"

మంచిగా ఉందట. ఎవరడిగారు అతని అభిప్రాయం? దారంతా అదే తలుచుకుంటూ వచ్చాను.

మార్చి 8, శనివారం

నిన్న ఆఖరి భాగం. అద్దం రాలేదు.

రమణ పేర్లన్నీ పోయేదాకా చూసింది. టాబ్లెట్ బోర్లా పెట్టింది.

"ఇదేం దొంగతనమండీ! అన్నీ ఎత్తుకెళ్లి బంగారాన్ని వదిలేశారు!"

ఆమె అన్నదే నిజం. ఎనిమిది వారాలు ఎదురుచూశాను. ఎక్కడో ఒకచోట, ఒక్క నిమిషమైనా, ఆ మార్గరెట్ అద్దం ముందు కూర్చుంటుందని. ఎవడో ఒకడు, లండన్‌లో, నా పాత పత్రిక ముక్క దొరికి, ఎవరిచేతనో చదివించుకుని, 'ఇది బాగుంది, ఇది లేపేద్దాం' అనుకుని ఉంటాడని. మూర్ఖులు. అభిరుచి లేనివాళ్లు. గుమాస్తా పెళ్లాన్ని సైన్యానికి పట్టించి, వానలో నిలబడి ఏడిచాడు. అంతే. పాతదాంట్లోనూ అంతే.

రమణ మళ్లీ అంది: "నాకిప్పటికీ అర్థం కాదు. మీకు రాసిన ఉత్తరంలో కూడా అదే అడిగాను."

ఆ ఉత్తరం వల్లే మా పెళ్లి జరిగింది. గుడివాడ నుంచి ఇరవై ఏళ్ల పిల్ల, చూడని రచయితకి రాసింది. 'పదకొండో వారంలో భార్య కోసం ఆవలింతనే సాగదీసినవాడు, పన్నెండో వారంలో ఆమెను ఎలా పట్టిస్తాడు? ఈ వారం రోజుల్లో అతనికి ఏమైంది?' నేను జవాబులో ఏదో రాశాను, మానవ స్వభావం విచిత్రమనో ఏదో. ఆ జవాబు చూసి లోతైన మనిషి అనుకుందట.

మార్చి 12

ఫ్రావ్ డాక్టర్ లిండ్నర్ గది మూడో అంతస్తు. లిఫ్టు లేదు. విక్రాంత్ సెలవు పెట్టి ఐదున్నర గంటలు రైల్లో వచ్చాడు. రమణ ముదురాకుపచ్చ చీర, పైన కోటు, బూట్లు.

లాయరమ్మ కాగితం నా ముందుకు జరిపి, చదివి వినిపించింది. "1974లో ప్రసారమైన ధారావాహికను నేను చూడలేదనీ, దాని గురించి వినలేదనీ ఇందుమూలంగా ప్రమాణపూర్వకంగా..." మంచి మనిషి, నెమ్మదిగా చదివింది. రమణకు తెలుగులో చెప్పక్కర్లేదు. ఇరవై రెండేళ్లు కిటా, అంటే చిన్నపిల్లల బడి, వంటింట్లో పనిచేసింది, ఆమె జర్మన్ నాకన్నా మెరుగు.

పెన్ను తీసుకున్నాను. సంతకం చేస్తే ఉగాదికి సన్మానం. ముఖీత్ నోరెత్తడు. రమణ ఎప్పటికీ తెలుసుకోదు. నాకు డెబ్బై ఏడు, ఎన్నాళ్లుంటాను?

కానీ ఆ కాగితంలో పదమూడు అధ్యాయాలూ ఒకటే. పదకొండోదానికి కూడా మిగతావాటితో కలిపి అబద్ధపు ఒట్టు. ఉన్న ఒక్క నిజమైన బిడ్డను దొంగ సరుకు మధ్య కూర్చోబెట్టి సంతకం పెట్టమంటున్నారు. ఒళ్లు మండింది.

"ఇది మార్చండి," అన్నాను జర్మన్‌లో. "పదకొండో అధ్యాయం ఒక్కటే నాది. ఆ వారం టీవీ చెడిపోయింది. మిగిలిన పన్నెండు చూసి రాశాను. పదకొండోది నాదనీ, దాన్ని ఎవరూ దొంగిలించలేదనీ రాయండి. దానికి సంతకం పెడతాను."

లాయరమ్మ కళ్లద్దాలు తీసింది. "హెర్ తిరుపతయ్యా, ఎవరూ దొంగిలించలేదన్నదానికి ఎవరికీ ప్రమాణపత్రం అక్కర్లేదు."

"నాకు కావాలి."

విక్రాంత్ నేల చూస్తున్నాడు. "అంకుల్... బ్యానర్ ప్రింట్ అయిపోయింది అంకుల్" అన్నాడు, చాలా మెల్లగా.

నేను రమణ వైపు చూడలేదు.

మార్చి 12, సాయంత్రం

బస్సులో పక్కన కూర్చుంది.  ఎనిమిదో స్టాపు దగ్గర అడిగింది.

"పన్నెండో వారానికి టీవీ బాగైందా?"

"ఊఁ. సోమవారం వచ్చి కొత్త ట్యూబు వేశారు."

"అందుకు పట్టించాడా?"

"అందుకే."

కిటికీలోంచి బయటికి చూసింది. నవ్వుతోందో ఏడుస్తోందో తెలియలేదు, నాకు కనిపించేది చెవి దుద్దు ఒక్కటే.

"యాభై ఏళ్లు తిట్టుకున్నానండీ అతన్ని. అంత ప్రేమించి ఎలా చేశాడు, మగాళ్లంతా ఇంతే అని. మీరు ఆఫీసు నుంచి ఆలస్యంగా వస్తే కూడా అతన్నే తలుచుకునేదాన్ని. పాపం, అతని తప్పు ఏమీ లేదన్నమాట."

"లేదు."

"తప్పంతా మీదే."

మార్చి 13

రమణ వేరే గదిలో పడుకుంటోంది. తలుపు వేసి లేదు. వేసి లేదన్నది మాత్రం రాసుకుంటున్నాను.

మార్చి 15

విక్రాంత్ గ్రూపులో సవరణ పెట్టాడు. మర్యాదగానే పెట్టాడు, 'కొంత సమాచార లోపం వల్ల' అని. సందీప్ అనేవాడెవడో, మాగ్డెబర్గ్‌లో చదువుకుంటున్నాడట, కింద నవ్వుతున్న బొమ్మలు నాలుగు పెట్టాడు. పుట్టని రోజుల సంగతికి నవ్వు. పన్నెండు వారాలు చూసి రాసినందుకు నవ్వాడు, సరే. ఒక వారం చూడకుండా రాసినందుకు ఏ బొమ్మ పెట్టాలో వాడి ఫోనులో లేనట్టుంది.

పొద్దున్న రమణ కాఫీ తెచ్చి బల్ల మీద పెట్టింది. మూడు రోజుల తర్వాత మొదటి మాట:

"అతను పట్టించి ఉండడు. మీరు సొంతంగా రాసుంటే."

"ఏమో."

"ఏమో ఏంటి? మీ మనిషేగా?"

మనిషి నావాడు కాదు. పేరు మార్చి తెచ్చుకున్నవాడు. ఆ ఇంగ్లీషువాళ్ల గుమాస్తా. నా దగ్గర ఉన్నది ఒక్క వారం, ఆమె అందుకునేదాకా ఆవలింతను సాగదీసిన ఆ కాసేపు. రమణ ఆ కాసేపటినే పెళ్లి చేసుకుంది. గుమాస్తాను క్షమించింది, నన్నింకా క్షమించలేదు. ఇదెక్కడి న్యాయం? అతన్ని ఆ ఒక్క వారమైనా మంచివాణ్ని చేసింది ఎవరు?